వంటింట్లో కబోర్డుల కింద ఎల్ఈడీ స్ట్రిప్: పట్టీ కంటే ముందు చూడాల్సినవి

తమ్మీ, తర్వాత చదివేటోళ్లకు కూడ అర్థమైతదని నీ ప్రశ్నను రెండు ముక్కల్లో మళ్లీ రాస్తున్న. హనుమకొండలో మీ ఇంటికి మాడ్యులర్ కిచెన్ చేయించిన్రు. ట్యూబ్‌లైట్ వీపు వెనక నుంచి పడుతది కాబట్టి, అమ్మ ప్లాట్‌ఫాం దగ్గర నిలబడితే తరిగే కూరగాయల మీద ఆమె నీడే పడుతున్నది. నువ్వు ఆన్‌లైన్‌లో 5 మీటర్ల ఎల్ఈడీ స్ట్రిప్ రోల్, దాంతోపాటే వచ్చిన 12 వోల్టుల 2 ఆంపియర్ల అడాప్టర్ తెప్పించి కబోర్డుల అడుగున అంటించినవు. కొన్నాళ్లకే సింకు దిక్కు చివర మసకబారింది, అప్పుడప్పుడు మొత్తం లైను ఆగి ఆగి వెలుగుతున్నది, పొయ్యి పక్కన పట్టీ ఊడి వేలాడుతున్నది. ఇంకా మంచి స్ట్రిప్ కొనాల్నా, లేకుంటే పెట్టిన పద్ధతే తప్పా అని అడిగినవు.

పద్ధతే మార్చాలె. ఇదే పట్టీని రెండింతల ధర పెట్టి కొని అదే తీరుగ అంటిస్తే మళ్లీ అట్లనే అయితది. నువ్వు చెప్పిన మూడింటికి మూడు వేరు కారణాలు ఉన్నయి.

మొత్తం లైను ఆగి ఆగి వెలుగుడు అడాప్టర్ వల్ల. నువ్వు పెట్టిన ఫొటోలో రోల్ మీద 5050 (అది ఎల్ఈడీ సైజు చెప్పే నంబరు), మీటరుకు 60 ఎల్ఈడీలు అని ఉన్నది. అసొంటి స్ట్రిప్ నిండుగ వెలిగితే మీటరుకు 14.4 వాట్లు తీసుకుంటది. నీ కొలతలు చిమ్నీకి అటు 3 అడుగులు, ఇటు 3 అడుగులు, సింకు గోడకు 5 అడుగులు. మొత్తం 11 అడుగులు, దాదాపు 3.35 మీటర్లు. గుణిస్తే 48 వాట్లు వస్తయి. నీ అడాప్టర్ ఇయ్యగలిగింది 12 ఇంటూ 2, అంటే 24 వాట్లే. రెండింతల లోడు పడినప్పుడు అడాప్టర్ లోపలి రక్షణ సర్క్యూట్ కరెంటు ఆపేస్తది, క్షణం తర్వాత మళ్లీ ఇస్తది, మళ్లీ ఆపేస్తది. నీకు కనపడేది అదే. రోల్‌తో కలిపి అమ్మే అడాప్టర్లు చాలావరకు ఇట్ల తక్కువ పడేటివే ఉంటయి. అందుకే స్ట్రిప్ వేరుగ, డ్రైవర్ (అడాప్టర్ లెక్కనే 230 వోల్టులను స్ట్రిప్‌కు కావాల్సిన తక్కువ వోల్టులుగ మార్చే డబ్బా) వేరుగ లెక్క కట్టి కొనుమని అందరికీ చెప్త.

చివర మసకబారుడు వేరే సంగతి. 12 వోల్టుల స్ట్రిప్‌లో మూడేసి ఎల్ఈడీలు ఒక వరుసగ, వాటితో ఒక చిన్న రెసిస్టర్ ఉంటది. తెల్ల ఎల్ఈడీ ఒక్కోటి సుమారు 3 వోల్టులు తీసుకుంటది. మూడింటికి 9 పోతే రెసిస్టర్ మీద మిగిలేది 3 వోల్టులే. ఎంత కరెంటు పారాలె అన్నది ఆ 3 వోల్టులే నిర్ణయిస్తయి. స్ట్రిప్ లోపలి రాగి పొర చానా పల్చన. నువ్వు మూడు ముక్కలను ఒకదాని తోక ఇంకోదానికి కట్టి, చిమ్నీ వెనక సన్నని వైరు తిప్పినవు. అంత దూరం పోయేసరికి 1.5 వోల్టులు దారిలోనే పోయినయి అనుకో, రెసిస్టర్ మీద సగమే మిగిలింది, అంటే కరెంటు కూడ సగమే. పన్నెండింట్లో ఒకటిన్నర పోతే ఏమైతదిలే అనిపిస్తది గాని, వెలుతురు సగానికి పడిపోతది. మల్టీమీటర్ ఉంటే లైటు వెలుగుతుండగ మొదట్లో ఒకసారి, సింకు చివర ఒకసారి డీసీ వోల్టేజీ కొలిచి చూడు, తేడా నీకే తెలుస్తది.

ఒక గుర్తు కూడ పెట్టుకో. సరిగ్గ మూడు ఎల్ఈడీలే ఆరిపోయి మిగతావి మంచిగ ఉంటే అది స్ట్రిప్‌లో ఒక వరుస తెగినట్టు. పోను పోను మెల్లగ మసకబారితే వోల్టేజీ దారిలో పోతున్నట్టు. మొత్తం లైను ఒక్కసారే ఆరి వెలిగితే డ్రైవర్ దిక్కు చూడాలె, లేదా దానికి వచ్చే 230 వోల్టుల కనెక్షన్ లూజుగ ఉన్నదేమో చూడాలె.

ఇక పట్టీ ఊడుడు. దాని వెనకున్న జిగురు సన్‌మైకా మీద, అదీ పోపు పొగ, అన్నం ఆవిరి తగిలే చోట నిలవదు. కంటికి కనపడకున్నా నూనె పొర ఉంటది. దానికి తోడు పట్టీ పుట్టించే వేడికి జిగురు మెత్తబడుతది. ప్లైవుడ్, సన్‌మైకా రెండూ వేడిని లాగవు. ఆ వేడి ఎల్ఈడీలోనే ఉండిపోయి దాని ఆయుష్షు తింటది. ఎల్ఈడీ వేడెక్కదు అని చానామంది నమ్ముతరు. దాని వెలుగులో వేడి ఉండదు గాని, చిప్ వెనక తప్పకుండ ఉంటది, అది పోయేటందుకు దారి కావాలె.

అందుకే కొత్తగ పెట్టేటప్పుడు ముందు 24 వోల్టులకు మారు. అదే వాట్లకు 24 వోల్టుల మీద కరెంటు సగమే పారుతది, కాబట్టి వైరులో పోయే వోల్టులు కూడ సగమే. ఒక్కో వరుసలో మామూలుగ ఆరు లేదా ఏడు ఎల్ఈడీలు ఉంటయి. ఆరేసి ఉన్నదైతే రెసిస్టర్ మీద 6 వోల్టులు మిగులుతయి కాబట్టి చిన్న నష్టానికి వెలుగు అంతగ పడిపోదు. ఒక్క ఇబ్బంది ఏందంటే, కత్తిరించే గుర్తులు దూరం దూరంగ ఉంటయి. మీటరుకు 60 ఉన్న పట్టీ అయితే 12 వోల్టులది ప్రతి 5 సెంటీమీటర్లకు తెగుతది, ఆరేసి ఎల్ఈడీల 24 వోల్టులది 10 సెంటీమీటర్లకు. కబోర్డు చివర రెండు మూడంగుళాలు ఖాళీ మిగిలినా ప్లాట్‌ఫాం మీద తేడా తెలువది. గుర్తు కాని చోట మాత్రం కత్తెర పెట్టొద్దు.

వాట్లు మరీ ఎక్కువ అక్కర లేదు. 2835 రకం, మీటరుకు 120 ఎల్ఈడీలు, 9.6 వాట్లది తీసుకో. పని చేసే చోట 300 నుంచి 500 లక్స్ వెలుతురు ఉంటే కంటికి హాయిగ ఉంటది, పైన పెట్టే పాల రంగు మూత (డిఫ్యూజర్) మింగేది పోయినా ఈ పట్టీతో అది వస్తది. నీ 3.35 మీటర్లకు 32 వాట్లు. డ్రైవర్‌ను దాని శక్తిలో 80 శాతం మించి వాడొద్దు, అంటే కనీసం 40 వాట్లది. నేనైతే 60 వాట్లదే పెడుత. ఎందుకంటే మన దగ్గర మే నెలలో బయట 43, 44 డిగ్రీలు మామూలు, పై అంతస్తు అయితే స్లాబు కింద సజ్జలో ఇంకా ఎక్కువ ఉంటది. డ్రైవర్ మీద టీఏ అని రాసి పక్కన 40 అనో 50 అనో ఉంటది చూడు. చుట్టూ ఎంత వేడి వరకు అది నిండు లోడు మోస్తదో చెప్పే అంకె అది. 40 ఉన్నది మన ఎండాకాలానికి సరిపోదు. పక్కన ఆర్ అక్షరంతో మొదలయ్యే బీఐఎస్ రిజిస్ట్రేషన్ నంబరు ఉన్నదా చూడు. ఎల్ఈడీ డ్రైవర్లకు అది తప్పనిసరి. కాన్‌స్టంట్ వోల్టేజ్ అని రాసి ఉండాలె. ప్యానెల్ లైట్ల డ్రైవర్లు కాన్‌స్టంట్ కరెంట్‌వి ఉంటయి, అవి స్ట్రిప్‌కు పనికిరావు. షాపులో ఈ రెండు మాటలు తేడా లేకుండ ఇచ్చేటోళ్లు ఉన్నరు.

డ్రైవర్ ఎక్కడ పెట్టాలన్నదే చానా ఇండ్లల్లో తప్పుతది. మసాలా డబ్బాల కబోర్డు లోపల మూలకు నూకి తలుపు మూస్తరు. గాలి ఆడదు. పొయ్యి పైన ఉన్న కబోర్డులో అస్సలు పెట్టొద్దు. వాల్ యూనిట్ల నెత్తి మీద, సజ్జ కింద, చెయ్యి పెడితే అందే చోట, చుట్టూ నాలుగంగుళాలు ఖాళీ ఉండేటట్టు, స్క్రూలతో బిగించాలె. ఒకనాడు అది పోతది, పోయినప్పుడు కబోర్డు విప్పకుండ మార్చుకునేటట్టు ఉండాలె. ఇనుప జాలీ డబ్బా లెక్క, స్క్రూ టెర్మినళ్లు బయటికి కనపడే డ్రైవర్లు వంటింటికి వద్దు. వెచ్చదనానికి బొద్దింకలు, బల్లులు చేరుతయి, షార్ట్ చేస్తయి. పూర్తిగ మూసి, వైర్లు మాత్రమే బయటికి వచ్చే రకం తీసుకో.

ఇప్పుడొక మాట గట్టిగ చెప్పాలె. మీటర్ల లెక్కన కోసి ఇచ్చే 230 వోల్టుల స్ట్రిప్, దానికి చిన్న ప్లగ్గు, డ్రైవర్ ఉండదు, చవక. పెండ్లి ఇండ్లకు, దుకాణాల ముందట వాడుతరు. దాన్ని వంటింట్లో కబోర్డు కింద పెట్టొద్దు తమ్మీ. ఆ ప్లగ్గులో ఉండేది ఏసీని డీసీ చేసే చిన్న ముక్కే, మెయిన్ కరెంటు నుంచి మనిషిని వేరు చేసే ట్రాన్స్‌ఫార్మర్ అందులో లేదు. చివర మూత ఊడితే, తడి చేత్తో స్టీలు గిన్నె తీస్తూ తాకితే, ప్రాణం పోతది. అదొక్కటే కాదు, దాని వెలుగు సెకనుకు 100 సార్లు మినుకుతది. అసొంటి వెలుగులో తిరిగే మోటరు, బ్లేడు మెల్లగ తిరుగుతున్నట్టో, ఆగినట్టో కనపడొచ్చు. వంటింట్లో చేతికి అందే ఎత్తులో ఉండేది 24 వోల్టులే కావాలె. డ్రైవర్ మీద ఎస్ఈఎల్‌వీ అనే అక్షరాలు ఉంటే, అవుట్‌పుట్ దిక్కు మెయిన్ కరెంటు రాకుండ వేరు చేసి ఉందని అర్థం. ఈ విషయంలో ఖర్చు లెక్క చూడకు.

అల్యూమినియం ప్రొఫైల్, అంటే స్ట్రిప్ లోపల కూర్చునే సన్నని గాడి, తప్పకుండ పెట్టు. షాపులో ప్రొఫైల్ చానెల్ అంటే ఇస్తరు. హనుమకొండ చౌరస్తా దిక్కు గాని, వరంగల్ చౌరస్తా చుట్టుపక్కల గాని ఎలక్ట్రికల్ షాపుల్లో దొరుకుతది, పైన పాల రంగు మూత, అదే డిఫ్యూజర్, కలిపి తీసుకో. ప్రొఫైల్‌ను కబోర్డు అడుగుకు క్లిప్పులతో, స్క్రూలతో బిగిస్తం కాబట్టి ఊడుడు ముచ్చటే ఉండదు. పట్టీ వేడి అల్యూమినియంలోకి పోతది. మూత మీద నూనె పడితే తుడిస్తే అయిపోతది, అదే వట్టి ఎల్ఈడీల మీద పేరుకున్న జిడ్డును తుడవలేవు. స్ట్రిప్ అంటించే ముందు చానెల్ లోపల స్పిరిట్‌తో తుడిచి ఆరనియ్యి. స్క్రూలు కబోర్డు ప్లైవుడ్ మందం కంటే చిన్నవి చూసుకో, 18 మిల్లీమీటర్ల ప్లైకి 12 చాలు. లేకుంటే లోపల డబ్బాలు తీసేటప్పుడు చేతికి గుచ్చుకుంటది.

డిఫ్యూజర్ ఇంకో పని కూడ చేస్తది. మన దిక్కు ప్లాట్‌ఫాంలకు ఎక్కువగ వేసేది నల్ల గ్రానైట్, లేకుంటే కరీంనగర్ ట్యాన్ బ్రౌన్. రెండూ అద్దం తీరు మెరుస్తయి. మూత లేని స్ట్రిప్ పెడితే ఒక్కో ఎల్ఈడీ చుక్క బండ మీద కనపడి కండ్లలో పొడుస్తది. చుక్కలు అస్సలు కనపడొద్దు అనుకుంటే సీఓబీ స్ట్రిప్ ఉంటది, గీత గీసినట్టు ఒకే వెలుగు. దాన్ని కూడ చానెల్‌లోనే పెట్టాలె, మడత పడితే తొందరగ చెడిపోతది.

ఎక్కడ బిగించాలన్నది అన్నింటికంటే ముఖ్యం. నువ్వు గోడకు ఆనించి వెనక పెట్టినవు. అక్కడ పెడితే టైల్స్ మీద వెలుతురు దండిగ పడుతది, ఫొటోలో మంచిగ కనపడుతది, అమ్మ చేతుల మీద మాత్రం పడదు. ప్లాట్‌ఫాం 24 అంగుళాల లోతు ఉంటే పై కబోర్డు 12 నుంచి 14 అంగుళాలే ఉంటది. కత్తి ఆడేది, పప్పు ఏరేది, పిండి పిసికేది ముందు భాగంలో. కాబట్టి లైటు కబోర్డు ముందు అంచుకే పెట్టాలె, తలుపు వెనక ఒక అంగుళం లోపలికి. అప్పుడు వెలుగు మనిషికి, పనికి నడుమ నుంచి కిందికి దిగుతది, నీడ వెనక్కి పోతది. మీది హాలులోకి తెరిచి ఉన్న వంటిల్లు అంటున్నవు, సోఫాలో కూర్చున్నోళ్ల కంటికి పట్టీ తగులుతది. కబోర్డు కింద అంచుకు ఒకటిన్నర అంగుళాల ప్లై ముక్క అదే సన్‌మైకాతో అడ్డంగ కొట్టమని కార్పెంటర్‌కు చెప్పు. అది కుదరకుంటే 45 డిగ్రీల మూల ప్రొఫైల్ తీసుకొని వెలుగు గోడ దిక్కు వాలేటట్టు బిగించు.

చిమ్నీ కింద స్ట్రిప్ వద్దు. చిమ్నీకి దాని సొంత లైటు ఉంటది. పొయ్యి అంచు నుంచి అటూ ఇటూ కొంచెం వదిలిపెట్టే మొదలుపెట్టు, మంట వేడికి డిఫ్యూజర్ వంకర పోతది.

రంగు గురించి నువ్వు అడగలేదు గాని, నా మటుకు ఇది చానా విలువైన సంగతి. తెల్ల ఎల్ఈడీలో నిజానికి ఉండేది నీలి వెలుగు చిప్. ఆ నీలి ఎల్ఈడీ కనిపెట్టినందుకే జపాన్‌లో పుట్టిన అకసాకి, అమానో, నకమురాలకు 2014లో నోబెల్ వచ్చింది. దాని మీద పసుపు రంగు ఫాస్ఫర్ పూస్తే మన కంటికి తెలుపు కనపడుతది. చవక పట్టీల్లో ఈ పూత ఎరుపును సరిగ్గ ఇయ్యది. మన వరంగల్ చపాటా మిర్చికి 2025లో జీఐ గుర్తింపు వచ్చింది, కారం తక్కువ, నిండు ఎరుపే దాని పేరు. ఆ కారం పొడిని చవక పట్టీ కింద పెట్టి చూడు, ఇటుక పొడి లెక్క కనపడుతది. ఉల్లిగడ్డ ఎంత ఎర్రగ వేగిందో, మాంసం రంగు మారిందో లేదో ఆ వెలుగులో చెప్పలేము. కాబట్టి సీఆర్ఐ (రంగులు ఎంత నిజంగ కనపడుతయో చెప్పే అంకె, నూటికి) 90 లేదా ఆపైన ఉన్నది అడుగు. ఆర్9 అని వేరుగ రాసి 50 దాటి ఉంటే ఇంకా మంచిది, అది ఎరుపు కొలత. వెలుగు 4000 కెల్విన్ తీసుకో, ఈ అంకె తగ్గితే వెలుగు పసుపు దిక్కు, పెరిగితే నీలం దిక్కు పోతది. 6500 బియ్యంలో మెరిగెలు ఏరేటందుకు బాగనే ఉంటది గాని, పొద్దుగూకినంక అందులో నిలబడి వంట చేస్తే కండ్లు గుంజుతయి. 3000 హాలుకు బాగుంటది. చిమ్నీకి అటూ ఇటూ ఉండే రెండు ముక్కలను ఒకే రోల్ నుంచి కోయి, వేరే రోల్ అయితే పక్కపక్కన తేడా తెలుస్తది.

ఇక వైరింగ్. మూడు ముక్కలకు మూడు వేరు వైర్లు తీసుకపోయి డ్రైవర్ దగ్గరనే కలుపు. ఒకదాని నుంచి ఇంకోదానికి లాగొద్దు. 1 స్క్వేర్ ఎంఎం రాగి వైరు చాలు. సింకు గోడ ముక్కకు 24 వోల్టుల మీద 0.6 ఆంపియరే పారుతది, డ్రైవర్ నుంచి 5 మీటర్ల దూరమైనా 0.1 వోల్టుకు అటూ ఇటూ మాత్రమే పోతది. కబోర్డు అడుగున వెనక మూలకు చిన్న రంధ్రం చేసి వైరును లోపలి మూల నుంచే పైకి తీసుకపో, రంధ్రం అంచుకు రబ్బరు బుష్ వెయ్యి, కనపడే చోట సన్నని కేసింగ్ పట్టీ పెట్టు.

కీళ్లకు టాంకా పెట్టు, అంటే సోల్డరింగ్. నొక్కే క్లిప్పు కనెక్టర్లు తొందర పనికి బాగనే ఉంటయి గాని, ఆవిరికి, వేడికి కొన్నాళ్లలో లూజు అయితయి, అక్కడ్నే కాలుతది. ఐరన్ మంచిగ వేడెక్కినంక రెండు మూడు సెకన్లకు మించి ఆనించకు, పట్టీ మీది రాగి పొర లేచిపోతది. పైన హీట్ ష్రింక్ స్లీవ్, అంటే వేడి తగిలితే ముడుచుకునే గొట్టం, తొడుగు. ప్లస్, మైనస్ తారుమారైతే సాధారణంగ వెలగదు అంతే, మార్చి పెట్టు. బిగించక ముందు ఒకసారి వెలిగించి చూసుకో, కాని రోల్ చుట్టి ఉండగ ఎక్కువసేపు వెలిగించకు, వేడి లోపలనే ఉండి పట్టీ పాడైతది.

సింకు పైన ఉండే ముక్కకు ఐపీ65 తీసుకో, అదే సిలికాన్ పూత ఉన్నది. ఐపీ అంటే దుమ్ము, నీళ్లను ఎంత ఆపుతదో చెప్పే అంకె. మిగతా రెండింటికి మూత ఉన్న చానెల్‌లో మామూలు ఐపీ20 సరిపోతది, సిలికాన్ లేకుంటే వేడి బాగ పోతది. కోసిన చివరలకు సిలికాన్ సీలెంట్ పెట్టాలె, కోసినంక ఐపీ65 ఐపీ65గ ఉండదు. బతుకమ్మకు ముందు ఇల్లు కడిగేటప్పుడు వంటింటి గోడల మీద నీళ్లు గుమ్మరించుడు మన ఇండ్లల్లో ఉన్నదే. ఆ రోజు ఎంసీబీ దించి, తడి గుడ్డతోటే తుడువుమని ఇంట్లో చెప్పు.

స్విచ్ ప్లాట్‌ఫాం దగ్గర మామూలుది ఒకటి చాలు. చెయ్యి ఊపితే వెలిగే సెన్సర్లు చూడ బాగుంటయి గాని, నూనె పొర పట్టినా, మిక్సీ జార్ అడ్డం వచ్చినా తప్పుగ పనిచేస్తయి. వెలుగు తగ్గించాల్నంటే డ్రైవర్‌కు, స్ట్రిప్‌కు నడుమ 24 వోల్టుల డిమ్మర్ పెట్టు. గోడకున్న ఫ్యాన్ రెగ్యులేటర్‌కు మామూలు డ్రైవర్‌ను కలిపితే డ్రైవర్ కాలిపోతది.

డ్రైవర్ నుంచి ఇటు దిక్కు పని అంతా నువ్వే చేసుకోవచ్చు. 230 వోల్టుల దిక్కు మాత్రం ఎలక్ట్రీషియన్‌ను పిలువు. చిమ్నీ కోసం పైన పాయింట్ ఉంటది కదా, అక్కడ్నుంచే తీసుకోవచ్చు, కాని వేరు స్విచ్ ఉండాలె. ఆ లైను మీద 30 మిల్లీ ఆంపియర్ల ఆర్సీసీబీ (కరెంటు లీకైతే వెంటనే లైను కట్ చేసే స్విచ్) ఉన్నదా అని ఆయన్నే చూడమని చెప్పు. లేకుంటే లైటు కంటే ముందు అది పెట్టించు. కరెంటు బిల్లుకు భయపడకు, 32 వాట్లు రోజుకు 4 గంటలు వెలిగినా నెలకు 4 యూనిట్లు దాటది.

పాత స్ట్రిప్ పారెయ్యకు. అడాప్టర్ 24 వాట్లది, అందులో 80 శాతం 19 వాట్లు, అంటే ఆ 5050 పట్టీ 1.3 మీటర్ల వరకు దానికి భారం కాదు. ఒక మీటరు కోసి, మిగిలిన చానెల్ ముక్కలో పెట్టి, అమ్మ బియ్యం డబ్బాలు పెట్టుకునే స్టోర్ గదిలో బిగించు. అక్కడ ఆవిరి ఉండదు, ఏండ్లు పనిచేస్తది. కొత్త డ్రైవర్ కొనే ముందు దాని మీది లేబుల్ ఫొటో ఇక్కడ పెట్టు, చూసి చెప్త.